ఏనుగులు మోసుకెళ్ళిన పుస్తకాలు

ఇథియోపియా సంస్కృతి మీద, ప్రకృతి మీద తీసిన అరగంట నిడివి గల యాత్రాచిత్రం ఒకటి ఈ మధ్య చూశాను. పుస్తకాల గురించి రాసుకునే చోట చిత్రాల ప్రసక్తి ఎందుకని పాఠకులు అడగవచ్చు. ఆ చిత్రంలో ఒక పుస్తకం కనిపిస్తుంది, మహా అయితే నలభై సెకన్లపాటు. తెల్లని తలపాగా చుట్టుకున్న వృద్ధ పూజారి ఒకరు తోలుతో చేసిన పుటలను మెల్లగా తిప్పుతారు. ఎరుపు, నలుపు సిరాలతో రాసిన అక్షరాలు, విశాలమైన కళ్ళున్న దేవదూతల బొమ్మలు ఒక్క క్షణం మెరుస్తాయి. అంతలో కెమెరా కిటికీ దాటి కొండల మీదికి వెళ్ళిపోతుంది. ఆ పుస్తకం ఆ గుడిలో ఇంకా మిగిలి ఉండడం ఎంతటి విశేషమో, దాని తోటి పుస్తకాలు వందల సంఖ్యలో ఎటు పోయాయో చెప్పడానికి అరగంటలో తీరిక దొరకలేదు.

చిత్రాన్ని తప్పుపట్టడం నా ఉద్దేశం కాదు. చూడదగ్గ చిత్రమే. సిమియెన్ పర్వతాల అంచున గడ్డి పీక్కుని తింటున్న గెలాడా కోతుల గుంపులు, సముద్రమట్టానికి నూరు మీటర్లకు పైగా దిగువన ఉన్న దనాకిల్ పల్లంలో ఉప్పు పలకలు చెక్కి ఒంటెలకెత్తే అఫార్ శ్రామికులు, టిస్ ఇస్సాత్ దగ్గర పొగలా లేచే నీలినైలు తుంపర, అన్నీ ఓపికగా తీశారు. ఆ ఉప్పు పలకలు ఇరవయ్యో శతాబ్దంలో కూడా ఆ దేశంలో డబ్బుగా చెలామణీ అయ్యాయని వ్యాఖ్యాత చెప్పి ఉంటే ఇంకా బాగుండేది. పైగా ఈ దేశాన్ని పచ్చగా, నవ్వుతూ చూపించాలన్న పట్టుదల నాకు అర్థమవుతుంది. 1984 అక్టోబరులో కోరెం శరణార్థి శిబిరం నుంచి బీబీసీ ప్రసారం చేసిన కరువు దృశ్యాలు ఒక తరం మనసులో ఇథియోపియాకు శాశ్వత చిత్రపటమైపోయాయి. నా వయసువారికి ఆ పేరు వినగానే ఎముకల గూడులాంటి పసిబిడ్డ తప్ప మరొకటి తోచని రోజులుండేవి. ఆ పటాన్ని చెరిపివేయాలని ఎవరైనా కెమెరా పట్టుకుంటే హర్షించవలసిందే. అయితే ఒక బొమ్మను మరో బొమ్మతో కప్పివేస్తే రెంటి కిందా ఉన్న చరిత్ర అలాగే ఉండిపోతుంది.

ముందు ఆ పుటల మీది అక్షరాల సంగతి. ఆ లిపిని గీజ్ అంటారు. ఇప్పుడు అమ్హారిక్, తిగ్రిన్యా భాషలు రాసేది దానితోనే. అరబ్బీ, హీబ్రూ లిపులకు దగ్గరి చుట్టమే అయినా ఒక విషయంలో ఇది వాటినుంచి విడిపోయి మన పంచన చేరింది. అవి ప్రధానంగా హల్లులే రాస్తాయి; అచ్చును చదువరి ఊహించుకోవాలి. గీజ్ లిపిలో మాత్రం ప్రతి హల్లుకూ గుణింతం ఉంది. మూలరూపంలో ఒక హ్రస్వాచ్చు కలిసే ఉంటుంది. తక్కిన ఆరు రూపాలకు పక్కనో కిందనో చిన్న గీత, ఒక సున్న, ఒక వంపు చేరుతాయి. మొత్తం ఏడు. పలకమీద గుణింతం దిద్దిన తెలుగు పిల్లవాడికి ఆ పట్టిక చూపిస్తే అది ఏమిటో ఇంకొకరు చెప్పనక్కరలేదు. నాలుగో శతాబ్దంలో, ఎజానా రాజు కాలం ప్రాంతాన ఈ గుణింతపు గుర్తులు కనబడడం మొదలవుతుంది. అక్సుమ్ ఓడలు అప్పటికే హిందూ మహాసముద్రంలో తిరుగుతున్నాయి గనుక ఆ ఊహ భారతదేశపు లిపుల నుంచి వెళ్ళి ఉండవచ్చునని కొందరు పండితులు అన్నారు. నిరూపణ లేదు. ఉంటే బాగుండునని ఆశపడేవాళ్ళలో నేనూ ఒకణ్ణి.

కాలగణన కూడా మనకు పూర్తిగా కొత్తకాదు. ముప్పై రోజుల చొప్పున పన్నెండు నెలలు, చివర ఐదారు రోజులతో పగుమె అనే బుల్లి నెల, వెరసి పదమూడు. వారి సంవత్సరం మన క్యాలెండరుకు ఏడెనిమిదేళ్ళు వెనుక నడుస్తుంది. రెండువేల సంవత్సరపు వేడుకను వాళ్ళు 2007 సెప్టెంబరులో జరుపుకున్నారు. చిత్రం ఈ విడ్డూరాన్ని తనివితీరా చెప్పింది. నాకు అంతకన్నా నచ్చింది వారి గడియారం. రోజు సూర్యోదయంతో మొదలవుతుంది. ఉదయం ఏడు గంటలు వారికి ఒంటిగంట, మిట్టమధ్యాహ్నం ఆరు. పంచాంగంలో ఉదయాది ఘడియలు లెక్కపెట్టిన ఇంట పుట్టినవారికి ఇందులో వింతేముంది? అర్ధరాత్రి చీకట్లో రోజు మారడమే నిజానికి విడ్డూరం.

లాలిబెలాలోని పదకొండు రాతి ఆలయాలను చిత్రం ఆకాశం నుంచి చూపిస్తుంది. శిలువ ఆకారంలో నేలలోకి దిగిపోయిన సెయింట్ జార్జి ఆలయాన్ని పై నుంచి చూస్తే ఎవరికైనా ఎల్లోరా కైలాసం గుర్తుకు రావాలి. రెండూ పైనుంచి కిందికి చెక్కుకుంటూ పోయినవే. రాయి పేర్చడం లేదు, తీసివేయడమే ఉంది. పన్నెండో శతాబ్దపు చివర, పదమూడో శతాబ్దపు మొదట ఏలిన లాలిబెలా రాజు వీటన్నిటినీ చెక్కించాడని సంప్రదాయం. కొన్ని భాగాలు అంతకు ముందువేనని పురాతత్త్వవేత్త డేవిడ్ ఫిలిప్సన్ వంటివారి అభిప్రాయం. అక్సుమ్ దగ్గర చిత్రం తొందరపడింది. ముప్ఫైమూడు మీటర్ల ఏకశిలాస్తంభం పడిపోయి ముక్కలై ఉన్న చోటు చూపారు. దాని పక్కనే నిలబడి ఉన్న ఇంకొక స్తంభాన్ని 1937లో ముసోలినీ మనుషులు రోముకు తరలించారనీ, అది 2005లో గానీ తిరిగి రాలేదనీ, 2008లో దాన్ని మళ్ళీ నిలబెట్టారనీ చెప్పలేదు. తిరిగి వచ్చిన వస్తువులు ఆ దేశంలో అరుదు. అందుకే ఆ స్తంభం నా దృష్టిలో మామూలు చూడదగ్గ వస్తువుల్లో చేరదు.

మన నేలకూ ఆ నేలకూ మధ్య రాకపోకలు చాలా పాతవి. దెబ్రె దామో అనే కొండమీది మఠంలో కుషాణుల బంగారు నాణేలు దొరికాయి. అక్సుమ్ రాజుల బంగారు నాణేలు మంగుళూరు ప్రాంతంలో బయటపడ్డాయి. మనుషులు కూడా వచ్చారు, ఎక్కువమంది బానిసలుగా. 1548 ప్రాంతంలో ఇథియోపియాలో పుట్టి, చేతులు మారిమారి, బాగ్దాదు మీదుగా అహ్మద్‌నగరు చేరిన మాలిక్ అంబర్ అక్కడ ప్రధాని స్థాయికి ఎదిగి, మొగలు సేనలను కొండల్లో తిప్పలుపెట్టి, 1610లో ఔరంగాబాదుగా పేరుమారబోయే ఖడ్కీ నగరాన్ని కట్టించాడు. అతడిమీద కసి తీరక, కోసిన అతడి తలకు బాణం గురిపెట్టినట్టు జహంగీరు తన బొమ్మ గీయించుకున్నాడు. ఆ తల మాత్రం 1626లో సహజమరణం దాకా భద్రంగానే ఉంది. హైదరాబాదులో ఏసీగార్డ్స్ అనే పేట పేరును రోజూ పలికేవారిలో ఎంతమందికి తెలుసో గాని, అది నిజాం కొలువులోని ఆఫ్రికన్ అశ్వికదళం పేరు. ఆ దళానికి మూలం వనపర్తి సంస్థానాధీశుడు పెంచిన ఆఫ్రికన్ పటాలంలో ఉంది. హబ్సిగూడ అన్న పేరు కూడా హబ్షీల వల్లనే వచ్చిందంటారు. హబ్షీ అన్నా, అబిసీనియా అన్నా ఒకే మాట.

ఇంకా లోతుకు పోతే మన కంచంలోకే పోవాలి. చిత్రంలో ఒక గృహిణి టెఫ్ పిండిని పులియబెట్టి, పెద్ద పెనం మీద ఇంజెరా పోస్తుంది. చూడగానే దోసె గుర్తుకొస్తుంది. పోలిక అక్కడితో ఆగదు. రాయలసీమవాళ్ళం సంకటి చేసుకునే రాగులు తూర్పు ఆఫ్రికా ఎత్తుభూముల నుంచి, అంటే ఇథియోపియా, ఉగాండా ప్రాంతాల నుంచి వేల ఏళ్ళ కిందట సముద్రం దాటి వచ్చిన పంట. జొన్న, సజ్జ కూడా ఆఫ్రికావే. ఇక అరకులో పండే అరబికా కాఫీకి పుట్టిల్లు నైరుతి ఇథియోపియా అడవులని చెప్పడం చర్వితచర్వణం.

ఇవన్నీ సంతోషకరమైన చుట్టరికాలు. చెప్పక తప్పని ఇంకొక చుట్టరికం ఉంది. ఆ పుస్తకాల కథ అక్కడే మొదలవుతుంది.

పంతొమ్మిదో శతాబ్దం నడుమ తెవోద్రోస్ అనే చక్రవర్తి ముక్కలైన దేశాన్ని కత్తితో కలిపి కుట్టే ప్రయత్నం చేశాడు. మేధావి, ఉగ్రుడు, నమ్మకం సడలినప్పుడల్లా క్రూరుడు. 1862లో విక్టోరియా రాణికి స్నేహం కోరుతూ, సాయం అడుగుతూ ఉత్తరం రాశాడు. లండనులో ఎవరూ ఆ ఉత్తరానికి జవాబివ్వలేదు. అవమానంతో బ్రిటిషు కాన్సులునూ, కొందరు యూరోపియన్లనూ బంధించాడు. జవాబురాని ఉత్తరం ఖరీదు తెలుసుకోవాలంటే తరువాతి లెక్క చూడాలి. వారిని విడిపించడానికి సర్ రాబర్ట్ నేపియర్ నాయకత్వాన బొంబాయి నుంచి బయలుదేరిన దండులో 13,000 మంది సైనికులు, 26,000 మంది పరిచారకులు, 40,000కు పైగా పశువులు ఉన్నాయి. వాటిలో 44 ఏనుగులు, పెద్ద ఫిరంగులు మోయడానికి. ఎర్రసముద్రపు ఒడ్డున జూలా దగ్గర రేవు కట్టి, ఇండియా నుంచి తెచ్చిన పట్టాలతో చిన్న రైలుమార్గం వేశారు. అక్కడి నుంచి కొండలూ లోయలూ దాటుతూ సుమారు 640 కిలోమీటర్లు నడిచి మగ్దలా దుర్గాన్ని చేరారు.

ఈ దండులో అధికభాగం మనవాళ్ళే. పంజాబు పయొనీర్లు, బలూచీలు, బొంబాయి పదాతులు, సింధు రౌతులు. మద్రాసు సాపర్లు సాధించుకున్న యుద్ధగౌరవాల జాబితాలో అబిసీనియా పేరు నేటికీ ఉంది. దారులు చదును చేసి, బావులు తవ్వి, ఫిరంగులు నడవడానికి వీలుకల్పించినవారు ఈ సాపర్లు. మద్రాసు సైన్యంలో తెలుగువారు చేరడం ఆ కాలంలో సాధారణం కనుక, ఆ కొండదారిలో తెలుగు మాట వినిపించే ఉంటుందని నా నమ్మకం. ఎవరూ రాసిపెట్టలేదు. రాయగలిగినవాళ్ళు వాళ్ళలో లేరు. ఇంకో సంగతి దాదాభాయి నౌరోజీ 1867లోనే లండనులో లేవనెత్తాడు. ఈ దండయాత్రతో భారతదేశానికి ఏమీ సంబంధం లేదు. అయినా భారత సైనికుల మామూలు జీతాల భారాన్ని భారత ఖజానా మీదనే మోపారు. అంతకు ముందు సంవత్సరమే ఒరిస్సాలో, మన గంజాంలో మహాకరువు లక్షలమందిని పొట్టనబెట్టుకుంది. కరువునేల పన్ను డబ్బుతో మరో నేలమీద యుద్ధం.

యుద్ధమంటే యుద్ధమూ కాదు. 1868 ఏప్రిల్ 10న అరోగె మైదానంలో రెండు గంటలపాటు స్నైడర్ తుపాకులు పేలాయి. తెవోద్రోస్ మనుషులు సుమారు 700 మంది నేలకొరిగారు. దండు వైపు గాయపడినవారు ఇరవైమంది ప్రాంతం. చక్రవర్తి బందీలను వదిలేశాడు. అయినా దండు వెనుదిరగలేదు. 13వ తేదీన కోట ద్వారం పగిలేసరికి ఆయన తుపాకి నోట్లో పెట్టుకుని కాల్చుకున్నాడు. ఆ తుపాకి విక్టోరియా రాణి ఎప్పుడో పంపిన బహుమతి.

ఆ తరువాత దోపిడీ. తెవోద్రోస్ మగ్దలాలో మెదానె అలెం ఆలయం కోసం వందలాది వ్రాతప్రతులు కూడబెట్టాడు. న్యాయంగా ఒక మాట చెప్పాలి. ఆ ప్రతుల్లో చాలా వాటిని ఆయనే గోందర్ నగరపు ఆలయాల నుంచి బలవంతాన తెచ్చాడు. దొంగసొత్తును దొంగిలిస్తే పాపం సగమవుతుందని వాదించేవారు లండనులో ఉన్నారని విన్నాను. నాకు ఆ గణితం అర్థం కాలేదు. ఆయన తెచ్చినప్పుడు అవి ఆ దేశంలోని ఒక గుడి నుంచి ఇంకొక గుడికి చేరాయి. గీజ్ చదవగలిగే పూజారుల చేతుల్లోనే ఉన్నాయి. దండుతో పాటు బ్రిటిష్ మ్యూజియం తన మనిషి రిచర్డ్ హోమ్స్‌ను కూడా పంపింది. అంటే బయలుదేరేటప్పుడే సంచి పట్టుకుని బయలుదేరారన్నమాట. కోటలో దొరికిన కిరీటాలు, శిలువలు, పాత్రలు, పుస్తకాలు పదిహేను ఏనుగుల మీద, దాదాపు రెండువందల కంచరగాడిదల మీద ఎత్తి, దలాంటా మైదానానికి తెచ్చి వేలం వేశారు. వచ్చిన డబ్బును సైనికులకు పంచారు. అన్నిటికన్నా ఎక్కువ కొన్నది హోమ్స్. ఆ విధంగా సుమారు 350 వ్రాతప్రతులు బ్రిటిష్ మ్యూజియం చేరి, ఇప్పుడు బ్రిటిష్ లైబ్రరీలో ఉన్నాయి.

వాటిలో ఒకటి మాత్రం తిరిగి వెళ్ళింది. సోలమన్ చక్రవర్తి, షేబా రాణి వంశగాథను చెప్పే కెబ్ర నెగస్త్ లేకపోతే తన ప్రజలు తన మాట వినరని కొత్త చక్రవర్తి యోహన్నిస్ రాయగా, 1872లో ఒక ప్రతిని పంపేశారు. అడిగితే ఇవ్వడం సాధ్యమేనని నూటయాభై ఏళ్ళ కిందటే తేలింది. అంతకు ముందు ఏడాది గ్లాడ్‌స్టన్ అంతటివాడు పార్లమెంటులో ఈ దోపిడీకి విచారం వెలిబుచ్చాడు. విచారం చెందడానికి రవాణా ఖర్చు ఉండదు. 2019లో లండనులోని నేషనల్ ఆర్మీ మ్యూజియం తెవోద్రోస్ శవం తలనుంచి కత్తిరించి తెచ్చిన వెంట్రుకల పాయలను తిరిగిచ్చింది. ప్రతులు ఇంకా ఉన్నచోటే ఉన్నాయి. భద్రంగా ఉన్నాయి, శీతలగదుల్లో, జాబితా సంఖ్యలతో. వాటిని చదివేవారు ఏటా ఎందరుంటారో ఊహించుకోవలసిందే. మన సరస్వతీమహలు లాంటిదాన్ని ఎవరైనా ఏనుగులమీద ఎత్తుకుపోయి, ఇప్పుడు కావాలంటే వచ్చి అద్దంలోంచి చూసుకోమంటే మనం ఏమనేవాళ్ళం?

మగ్దలా నుంచి ఇద్దరు పిల్లలు కూడా బయటికి వెళ్ళారు. ఒకరి కథ చాలామందికి తెలుసు.

తెవోద్రోస్ కొడుకు అలెమాయెహుకు అప్పుడు ఏడేళ్ళు. ఆ పేరుకు 'నేను లోకాన్ని చూశాను' అని అర్థం. తల్లి దండుతో పాటు నడుస్తూ దారిలోనే చనిపోయింది. కెప్టెన్ స్పీడీ అనే అధికారి పిల్లవాణ్ణి ఇంగ్లండు తీసుకుపోయాడు. వైట్ దీవిలో జూలియా మార్గరెట్ కామెరాన్ తీసిన ఫోటోలు ఉన్నాయి. పూసల హారం, చేతిలో బొమ్మ, ఎటో చూస్తున్న కళ్ళు. ఇథియోపియా అంటే ఒక అందమైన విషాద చిత్రం అన్న అలవాటు అప్పుడే మొదలైందేమో అనిపిస్తుంది. స్పీడీకి ఉద్యోగం పడితే కుర్రవాడు కూడా కొంతకాలం మన ఔధ్‌లో ఉన్నాడు. తరువాత రగ్బీ బడి, సాండ్‌హర్స్ట్ సైనిక కళాశాల. దేనిలోనూ ఇమడలేదు. 1879 నవంబరులో లీడ్సు పట్టణ శివారులో, పద్దెనిమిదేళ్ళ వయసులో, ప్లూరసీతో పోయాడు. ఆ రోజుల్లో ఆ వయసువాడికి ఊపిరితిత్తుల పొరలో నీరు చేరిందంటే వెనుక క్షయ ఉందని ముందుగా అనుమానించవలసి ఉంటుంది. చలిదేశం, హాస్టలు బతుకు, తిండి సహించకపోవడం, ఒంటరితనం. ఈనాటికీ వలసవచ్చిన యువకుల్లో ఈ వరుసను మా వార్డుల్లో చూస్తూనే ఉన్నాం. తేడా అల్లా మందులున్నాయి. విక్టోరియా ఆజ్ఞతో విండ్సర్ కోటలోని సెయింట్ జార్జి ఆలయం దగ్గర పూడ్చారు. అస్థికలను ఇవ్వమని ఇథియోపియా అడుగుతూనే ఉంది. తీస్తే పక్కనున్న ఇతరుల సమాధులు చెదురుతాయన్న కారణంతో 2023లో రాజప్రాసాదం మళ్ళీ కాదంది.

రెండో పిల్లవాడి కథ అంతగా తెలియదు. నన్ను వెంటాడింది అదే. పీటర్ గారెట్సన్ 2012లో వెలువరించిన జీవితచరిత్ర ఒకటుంది. వైద్యులెవరైనా చదవవలసిన పుస్తకం.

మగ్దలా కూలిన తరువాత యుద్ధభూమిలో ఒక పసివాడు దిక్కులేక తిరుగుతూ కనిపించాడు. మూడు నాలుగేళ్ళవాడు. గోందర్ కుటుంబం, పేరు వర్క్‌నెహ్. కల్నల్ చాంబర్లేన్ అనే అధికారి జాలిపడి తనతో ఇండియా తెచ్చాడు. కొద్దికాలానికే ఆయన పోతే, కల్నల్ చార్లెస్ మార్టిన్ చదువు ఖర్చు భరించాడు. ఇద్దరి ఋణమూ కలిపి పిల్లవాడు చార్లెస్ మార్టిన్ అయ్యాడు. అమృత్‌సరులో మిషనరీ బడి, ఆపై లాహోరు వైద్య కళాశాల. 1882లో పట్టా. తరువాత స్కాట్లండులో పైచదువు, బర్మాలో ప్రభుత్వ వైద్యుడి కొలువు. ఇథియోపియా నుంచి ఆధునిక వైద్యం చదివిన మొదటి మనిషి మన పంజాబులో తయారయ్యాడు. అప్పటికి అతనికి తన భాష ఒక్క ముక్క రాదు.

1896 మార్చి 1న అద్వా యుద్ధం జరిగింది. ఆ యుద్ధం ఒక క్రియాపదం మీద మొదలైందని చెబితే సాహిత్యాభిమానులు మెచ్చుకుంటారు. 1889లో మెనెలిక్ చక్రవర్తి ఇటలీతో వుచాలెలో కుదుర్చుకున్న సంధికి రెండు పాఠాలు. పదిహేడో అధికరణం అమ్హారిక్ పాఠంలో, ఇతర రాజ్యాలతో వ్యవహారాలకు చక్రవర్తి కావాలనుకుంటే ఇటలీ సాయం తీసుకోవచ్చు. ఇటాలియన్ పాఠంలో, తీసుకోవడానికి ఒప్పుకుంటున్నాడు. ఆ తేడాతో ఇథియోపియా తన సంరక్షణలోకి వచ్చిందని ఇటలీ ఐరోపా అంతటా చాటింది. మెనెలిక్ పరాయి ప్రభువుల ఉత్తరాల ద్వారా తన దేశం పోయిన సంగతి తెలుసుకుని, సంధిని రద్దుచేశాడు. రాజీ మాటలు వినిపించినప్పుడల్లా రాణి తాయితు ఆయన కన్నా కఠినంగా నిలబడింది. అద్వా కొండల్లో ఇటలీ సేన తుడిచిపెట్టుకుపోయింది. ఆ ఓటమి వార్త లోకమంతా పాకింది. చిత్రంలో ఈ భాగానికి ఒక వాక్యం దక్కింది: ఈ దేశాన్ని ఎవరూ వలసగా చేసుకోలేకపోయారు అని. ఒక వాక్యమైనా దక్కింది.

బర్మాలో డాక్టరు మార్టిన్‌కు ఆ వార్త వేరేవిధంగా తగిలింది. తాను పుట్టిన దేశం ఇంకా ఉందని, గెలిచిందని. సెలవు పెట్టి, వైద్యం చేస్తానంటూ బయలుదేరి వెళ్ళాడు. అడిస్ అబాబాలో మెనెలిక్ కొలువులో విన్నవాళ్ళు ఆరా తీయగా బంధువులు దొరికారు. ఒంటిమీది పాత మచ్చలను చూసి అమ్మమ్మ గుర్తుపట్టిందని చెబుతారు. దుబాసీ లేకుండా ఆమెతో మాట్లాడలేని మనవడు. మూడు దశాబ్దాల ఎడబాటు తరువాత ఆ గదిలో ఏం జరిగి ఉంటుందో పరభాషా దేశంలో బతుకుతున్న మన బోటివాళ్ళకు కొంచెం తెలుసు.

అతను వచ్చిపోతూ, చివరికి అక్కడే స్థిరపడ్డాడు. ఆ దేశస్థులు హకీం వర్క్‌నెహ్ అని పిలిచారు. హకీం అన్న మాట హైదరాబాదులో ఎంత సొంతమో అక్కడా అంతే. వైద్యం, బడులు, రోడ్లు, ఒక జిల్లా పాలన, బానిసత్వం మాన్పించే ప్రయత్నం, అన్నింటా చెయ్యిపెట్టాడు. ఆసుపత్రి ఉద్యోగం చేసేవాళ్ళకు ఈ రకం మనిషి తెలుసు. ఎక్కడ ఖాళీ కనిపించినా తానే వెళ్ళి నిలబడతాడు. 1935లో, డెబ్భై ఏళ్ళ వయసులో, లండనులో ఇథియోపియా రాయబారి అయ్యాడు. ఆ అక్టోబరు 3న ముసోలినీ సేనలు దండెత్తాయి.

విమానాల నుంచి ఆవవాయువు జల్లారు. ఇటలీ స్వయంగా ఆమోదించిన 1925 జెనీవా ఒడంబడిక దాన్ని నిషేధించింది. ఆ వాయువు ఏం చేస్తుందో వైద్యుడిగా చెప్పాలంటే, తగిలిన వెంటనే పెద్ద నొప్పి ఉండదు. కొన్ని గంటలకు చర్మం బొబ్బలెక్కుతుంది, కళ్ళు మూసుకుపోతాయి, శ్వాసనాళాల పొర ఊడివస్తుంది. బతికినవారికి తరువాతి రోజుల్లో ఎముకల మూలుగ చచ్చుబడి రక్తకణాలు పడిపోతాయి. ఆ చివరి లక్షణాన్ని గమనించే, కొన్నేళ్ళకు దాని దాయాది రసాయనంతో మొదటి కాన్సరు మందు తయారుచేశారు. మేము ఇప్పటికీ వాడే కొన్ని మందుల వంశవృక్షం అక్కడికి పోతుంది. చెప్పులు లేని సైనికులు, నీళ్ళకు వెళ్ళిన ఆడవాళ్ళు, పశువులు ఆ వానలో తడిశారు. రెడ్‌క్రాసు గుడారాల మీద కూడా బాంబులు వేశారు. రెడ్‌క్రాసు ప్రతినిధిగా అక్కడున్న స్విస్ వైద్యుడు మార్సెల్ జునో కళ్ళారా చూసి రాశాడు. లండనులో వృద్ధ రాయబారి ప్రతి తలుపూ తట్టాడు. సానుభూతి దొరికింది. వాయువు ప్రయోగాన్ని ఇటలీ ప్రభుత్వం ఒప్పుకున్నది 1996లో.

హకీం కొడుకులు ఇద్దరు, బెన్యాం, యోసెఫ్, ఇంగ్లండులో ఇంజనీరింగు చదివి, యుద్ధంలో పనికి వస్తామని తిరిగి వెళ్ళారు. 1937 ఫిబ్రవరి 19న అడిస్ అబాబాలో ఇటలీ ప్రతినిధి గ్రాజియానీ మీద బాంబులు పడ్డాయి. అతడు గాయాలతో బతికాడు. ఆ సాయంత్రం నుంచి మూడు రోజులు నల్లచొక్కాలవాళ్ళు పెట్రోలు డబ్బాలతో, పారలతో, కత్తులతో నగరం మీద పడ్డారు. మృతుల సంఖ్య గురించి ఇప్పటికీ తగువులు. ఇథియోపియా చెప్పేది 30,000. ఇయన్ కాంప్‌బెల్ అనే పరిశోధకుడు ఏళ్ళ తరబడి సాక్ష్యాలు కూడగట్టి పందొమ్మిది వేల దగ్గర తేల్చాడు. చదువుకున్నవారినైతే జాబితాలు వేసి మరీ పట్టుకున్నారు. ఒక దేశం అతి కష్టంమీద తయారుచేసుకున్న మొదటి తరం ఇంజనీర్లు, అధికారులు, ఉపాధ్యాయులు ఆ వారాల్లో పోయారు. హకీం కొడుకులిద్దరూ వారిలో ఉన్నారు. మే నెలలో దెబ్రె లిబానోస్ మఠంలో సన్యాసులను వందలకొద్దీ కాల్చారు. పుస్తకం పట్టుకుని చిత్రంలో కనిపించే ఆ వృద్ధ పూజారి వంటి మనుషులు వాళ్ళు.

లండనులో పదవి పోయాక హకీం వర్క్‌నెహ్ మళ్ళీ ఇండియాకే వచ్చాడు. తప్పిపోయిన పసివాణ్ణిగా పెంచిన దేశమే కొడుకులను పోగొట్టుకున్న ముసలివాడికి నీడనిచ్చింది. ఇటలీ ఓడిన తరువాత 1942లో అడిస్ అబాబాకు తిరిగి వెళ్ళాడు. 1952లో అక్కడే కన్నుమూశాడు. అదే నగరంలో మూడేళ్ళ తరువాత, కేరళ నుంచి వెళ్ళిన ఉపాధ్యాయ దంపతులకు అబ్రహాం వర్గీస్ అనే పిల్లవాడు పుట్టాడు. అక్కడ మొదలుపెట్టిన వైద్య విద్యను మద్రాసు వైద్య కళాశాలలో ముగించి, ఆ నగరపు ఆసుపత్రి కథనే 'కటింగ్ ఫర్ స్టోన్' నవలగా రాశాడు. దాని గురించి వచ్చేసారి.